ఒక్క అక్షరం కూడా నేర్చుకోలేదు

మార్చి 4, 1974, సోమవారం

ఈ నోటుపుస్తకం వాతావరణం రాసుకోవడానికి. పొద్దున మబ్బు. మధ్యాహ్నం ష్కుంబిన్ నది మీంచి చలిగాలి.

మ్యూజియంలో మీటింగ్. డైరెక్టర్ కామ్రేడ్ రెఫాత్ టిరానా నుంచి వచ్చిన ఉత్తరాన్ని నిలబడి చదివాడు. మన అల్బేనియన్ భాష రాతకెక్కి అయిదు వందల ఏళ్లు దాటిందని జూన్‌లో ప్రదర్శనలు పెడతారట. ప్రతి పట్టణం తన దగ్గరున్న అతి పాత రాతప్రతిని చూపించాలి. టిరానా నుంచి కమిటీ వచ్చి చూస్తుంది. రాతప్రతిలో మతం మాత్రం కనిపించకూడదు.

మేం నలుగురం ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. మన భాషలో పాత రాతలంటే ఏమున్నాయి? బాప్తిస్మం మాట, సువార్త, ప్రార్థన, కీర్తన. చర్చిలకు తాళాలు పడి ఏడేళ్లయింది. ఇప్పుడు దేవుణ్ణి తీసేసి ఉత్త రాత చూపించమంటే, కోడి దగ్గరికెళ్లి లోపల ఏమీ లేకుండా పెంకొక్కటే పెట్టమని అడిగినట్టుంది.

"మన దగ్గర ఏమున్నాయి?" అన్నాడు రెఫాత్.

"యుద్ధంలో పోరాడిన పార్టిజాన్ బూటుంది," అంది స్టోర్ చూసే ఆవిడ. "ఎడమది."

"బూటు మీద ఏమైనా రాసుందా?"

"నలభై రెండు అని ఉంది."

రెఫాత్ కాసేపు తల పట్టుకుని, తర్వాత నావైపు తిరిగాడు. "కోచో, మీ అమ్మాయి యూనివర్సిటీ సిఫార్సు మీద సంతకం పెట్టాల్సింది నేనే కదూ?" అన్నాడు. మాటవరసకు అడిగాడు. బెదిరింపేం కాదు.

"ఒక రాతప్రతి ఉంది," అన్నాను.

ఎందుకన్నానో నాకే తెలియదు. నోరు జారింది.

మార్చి 5

ఎండ. ఎక్కువ ఆలోచించడం లేదు.

మార్చి 7

మా మిమోజా బడిలో అందరికన్నా ముందుంది. టిరానాలో భాషాశాస్త్రం చదువుతానంటోంది. చదువుకునే హక్కు ఎవరికివ్వాలో జూన్ నెలాఖరున వీధి కౌన్సిల్ తేలుస్తుంది. మార్కులు ఒకసారి చూస్తారు, తండ్రి ఫైలు మూడుసార్లు చూస్తారు.

నా ఫైలుకు వంక పెట్టడానికేం లేదు. అరవయ్యేడులో నా చేత్తో నేనే రాసిచ్చాను: "మా తాత పాపా థోమా మతగురువు. ఆయన్నీ ఆయన భావాల్నీ తిరస్కరిస్తున్నాను. ఆయన దగ్గర నేను ఒక్క అక్షరం కూడా నేర్చుకోలేదు." మంచి వాక్యం. రెఫాత్ అప్పుడే మెచ్చుకున్నాడు. ఆ వాక్యం మీదే మా ఇల్లు నిలబడి ఉంది.

ఆ ఏడు కుర్రకారు బళ్లు తోలుకుని ఇల్లిల్లూ తిరిగి దేవుడి పటాలూ మత పుస్తకాలూ పట్టుకుపోయారు. నేను జాబితా రాశాను, అంతే. మా ఊరి నుంచే ఇక్కడికి కోడలిగా వచ్చిన పొలిక్సేని అత్త వంటింట్లో, పిండి పిసికే చెక్కతొట్టి మూత కింద తోలు అట్ట అంచు కనిపించింది. నేను "పిండితొట్టి, ఒకటి" అని రాసి బయటికొచ్చాను. అది పొరపాటు. పని ఒత్తిడిలో ఎవరికైనా జరుగుతుంది.

సొరుగులో తేమగా ఉందని ఈ నోటుపుస్తకాన్ని చిక్కుడు గింజల సంచిలో పెడుతున్నాను. దాచడానికి కాదు.

మార్చి 10, ఆదివారం

పొలిక్సేని అత్త ఇంటికి వెళ్లాను. డెబ్బై ఎనిమిదేళ్లు. భర్త పోయి ముప్పై ఏళ్లయినా నల్లబట్టలు మానలేదు. కాఫీ పెట్టింది, చెంచాడు తీపి అత్తిపండు పెట్టింది, ఎదురుగా కూర్చుని నా నోటి వంకే చూసింది.

"అత్తా, ఆ పుస్తకం..."

"ఏ పుస్తకం?"

"తొట్టిలోది."

"తొట్టిలో పిండి ఉంటుంది గానీ పుస్తకం ఎందుకుంటుందిరా? నువ్వే రాసుకుపోయావుగా, పిండితొట్టి ఒకటీ అని."

నా గాలి తీసేసింది. మ్యూజియం గురించీ, జాతి గౌరవం గురించీ, అయిదు వందల ఏళ్ల గురించీ పావుగంట చెప్పాను. చివరికి మిమోజా చదువు గురించి కూడా చెప్పాను. దానికి మాత్రం కొంచెం మెత్తబడింది.

"అది నాదైతే ఈపాటికి నీ ఒళ్లో పెట్టేదాన్ని," అంది. "నాకు అప్పగింత అది. మీ తాత నా చేతిలో పెట్టి, దీన్ని చదవగలిగినవాడు వచ్చి అడిగితే ఇవ్వమన్నాడు. సరేనని మాటిచ్చాను. ఇల్లంటుకుంటే ముందు దాన్ని బయటపడేసి, తర్వాతే నేనొస్తాను. చదువు, పట్టుకుపో."

"నాకు చదవడం రాదత్తా."

"రాదా?"

"రాదని ఫైల్లో ఉంది."

"అయితే ఆ ఫైలునే పంపించు. దానికిస్తాను."

మార్చి 11

రాదు. వచ్చినా మర్చిపోయి ఉంటాను.

మార్చి 17, ఆదివారం

సిరా వెలిసిపోయిందేమో చూద్దామని మాత్రమే వెళ్లాను.

ఆవిడ రేడియో పెద్దగా పెట్టింది. ట్రాక్టర్ల వార్తలు. కిటికీ మూసింది. తొట్టి మూత తీసి, పిండి సంచీ పక్కకు జరిపి, అడుగున ఉన్న పలక ఎత్తింది. నల్లగుడ్డలో చుట్టిన పుస్తకం. తోలు అట్ట, పిండి వాసన.

మా వంశంలో వరసగా అందరూ మతగురువులే. రెండు వందల ఏళ్ల కిందట వాళ్లలో ఒకాయనకు బిషప్పుల మీద ఒళ్లు మండింది. చర్చిలో గ్రీకే చదవాలి, ఊళ్లో ఒక్కరికి ఒక్క ముక్క అర్థం కాదు. ఆయన తనంతట తాను ముప్పై ఎనిమిది అక్షరాలు తయారు చేసుకుని, సువార్తను మన భాషలో రాసి పెట్టాడు. పైవాళ్లొచ్చి తిరగేసినా తల బద్దలు కొట్టుకోవాల్సిందే. ఆ అక్షరాలు మా ఇంటి గడప దాటలేదు. తండ్రి కొడుక్కి, తాత మనవడికి.

నాకు ఆరేళ్లప్పుడు తాత బల్ల మీద తెల్ల చిక్కుడు గింజలు పేర్చి ఒక్కో అక్షరం నేర్పేవాడు. సరిగ్గా పేరిస్తే ఒక అక్రోటు కాయ. అది ఆట. ఆటను నేర్చుకోవడం అనరు కాబట్టి ఫైల్లో రాసింది అబద్ధం కాదు.

పుస్తకం తెరిచాను. మొదటి పంక్తి నా ప్రమేయం లేకుండానే నోట్లోంచి వచ్చేసింది. రెండోదీ వచ్చింది. కళ్లలో నీళ్లు తిరిగాయి. పిండి దుమ్ము వల్ల.

తలెత్తి చూస్తే ఆవిడ పెదాలు నాకన్నా ఒక మాట ముందు కదులుతున్నాయి. ఓనమాలు రాని మనిషి. చిన్నప్పట్నుంచీ తాత చదువుతుంటే విని మొత్తం కంఠతా పట్టింది.

"అంత గబగబా చదవకురా, తరుముకొస్తున్నారా ఎవరైనా?" అంది. "మీ తాత ఇక్కడ ఊపిరి తీసుకునేవాడు." పుస్తకం ఇవ్వమంటే, "ఒక్క పేజీకే? మొత్తం చదివి పట్టుకుపో," అంది.

మార్చి 24

సిరా పరీక్ష.

మార్చి 31

సిరా పరీక్ష.

ఏప్రిల్ 7

సిరా బాగానే ఉంది. ఇంటికొచ్చేసరికి మా ఆవిడ ఒలింబి గుమ్మంలో నిలబడి ఉంది. "వారం వారం ఏం సిరా కోచో? అదీ ఆదివారం పూట, సరిగ్గా పదింటికి?"

పదింటికని నేను గమనించలేదు. నిజంగానే గమనించలేదు. వచ్చే వారం నుంచి పదిన్నరకు వెళ్తాను.

ఏప్రిల్ 20

వాన. ఇవాళ అరవయ్యేడు గుర్తొచ్చింది. జాబితా రాశాను, రెండు బస్తాలకు మూతి కట్టాను. కట్టమంటే కట్టాను. అంతే.

మే 12, ఆదివారం

చివరి పేజీ అయిపోయింది. పొలిక్సేని అత్త లేచి చేతులు కడుక్కుని, పుస్తకాన్ని గుడ్డలో చుట్టి, రెండు చేతులతో నా చేతుల్లో పెట్టింది. "నా మాట చెల్లిపోయింది. ఇక నీదే బరువు," అంది. ఏడేళ్ల తర్వాత తొట్టి మొత్తం నిండా పిండి పోసుకోవచ్చని నవ్వింది కూడా. నాకు నవ్వు రాలేదు.

మే 16

సోమవారం రెఫాత్ నన్ను కావలించుకున్నాడు. తర్వాత పుస్తకం తెరిచి మొహం మాడ్చుకున్నాడు. ప్రతి అధ్యాయానికీ మొదట చిన్న బొమ్మ ఉంది. అక్షరాలు ఎవడికీ రాకపోయినా బొమ్మలు అందరికీ వస్తాయి.

"ఇది మన భాషేనంటావా?"

"ఊళ్లో పెద్దవాళ్లంతా అదే మాటంటారు."

"సరే, బొమ్మల కింద చీటీలు రాయి. సైంటిఫిక్‌గా ఉండాలి."

మూడు రోజులు కూర్చుని రాశాను. రొట్టెలూ చేపలూ వేలమందికి పంచే బొమ్మ కింద: "సామూహిక భోజన పంపిణీ, పద్దెనిమిదో శతాబ్దం." కుంటివాడు లేచి నడిచే బొమ్మ: "జానపద వైద్యంలో కీళ్లనొప్పులు." నీళ్ల మీద నడిచే బొమ్మ: "జలరవాణాలో తొలి ప్రయత్నాలు." గుళ్లోంచి వ్యాపారుల్ని కొరడాతో తరిమే బొమ్మ దగ్గర నేనేమీ మార్చలేదు, "వ్యాపారుల మీద ప్రజాగ్రహం" అంటే సరిపోయింది. రెఫాత్ పొంగిపోయి ఆ చీటీని పెద్దక్షరాలతో రాయించాడు.

చనిపోయినవాడు సమాధిలోంచి లేచొచ్చే బొమ్మ దగ్గర మాత్రం ఇద్దరం చిక్కుకుపోయాం. చాలాసేపటికి రెఫాత్ అన్నాడు, "ఆ పేజీ తెరవకు."

సిఫార్సు మీద సంతకం పెట్టాడు.

జూన్ 13

రేపు కమిటీ వస్తోంది. రెండు వారాల్లో వీధి కౌన్సిల్. ఒలింబి నా చొక్కా రెండుసార్లు ఇస్త్రీ చేసింది. మిమోజా టిరానాకు తీసుకెళ్లే పుస్తకాలు అప్పుడే వేరు చేసి పెట్టుకుంది. నాకేం భయం లేదు. ఎవరైనా అడిగితే శాస్త్రీయంగా పోల్చి చూశానని చెబుతాను. ఆ వాక్యం పదిసార్లు వల్లె వేశాను.

జూన్ 14, శుక్రవారం

జరిగింది వరసగా రాస్తాను.

కమిటీలో ముగ్గురు. మాట్లాడింది ప్రొఫెసర్ నియాజీ ఒక్కడే. మిగిలిన ఇద్దరిలో ఒకడు బూడిదరంగు కోటువాడు, ఏం విన్నా రాసుకుంటున్నాడు. పుస్తకం ఇచ్చినావిడగా పొలిక్సేని అత్తను కూడా పిలిచారు. ఆవిడ తలుపు దగ్గర, దూరంగా, చేతులు కట్టుకుని నిలబడింది. వెనక వీధివాళ్లు, మిమోజా, ఒలింబి.

నియాజీ చీటీలు చదివాడు. జలరవాణా దగ్గర దగ్గాడు. తర్వాత పేజీలు తిప్పుతూ తిప్పుతూ నుదురు చిట్లించాడు.

"ఇది మన లిపి కాదు. గ్రీకు కాదు. అరబ్బీ కాదు. ఏమిటిది?"

బూడిదరంగు కోటువాడు మెల్లగా అన్నాడు, "రహస్య సంకేతాలేమో."

రెఫాత్ రెండడుగులు వెనక్కి వేసి చేతులు దులిపేసుకున్నాడు. "కోచో తెచ్చాడు, ఆ ముసలావిడ పిండితొట్టిలో దాచింది. నాకేం తెలియదు."

"ఏళ్ల తరబడి పిండిలో దాచిందా? ఎవరి కోసం?" అన్నాడు కోటువాడు. "తీసుకెళ్లి కనుక్కోవాలి."

పొలిక్సేని అత్త నావైపు చూడను కూడా చూడలేదు. అదే నన్ను కాల్చేసింది. చూసుంటే తల దించుకునేవాణ్ణి.

"సంకేతాలు కాదు," అన్నాను. "నేను చదువుతాను."

రొట్టెల పేజీ తీశాను. నాకు తప్ప ఎవరికీ రాదు కదా, కొంచెం సర్దుబాటు చేస్తే ఎవరికి తెలుస్తుంది? "అప్పుడు ప్రజలు రొట్టెలు తీసుకుని, తమ ఐక్యతను మెచ్చుకుని..." అని చదివాను.

"అట్లా లేదు కోచో," అంది తలుపు దగ్గర్నించి ముసలిగొంతు. "ప్రభువు రొట్టె తీసుకుని, ఆకాశం వంక చూసి, అని ఉంది. సరిగ్గా చదువు. నీ తాత వింటే చెవి మెలిపెట్టేవాడు."

ఎవరో వెనక కిసుక్కున నవ్వి ఆపుకున్నారు. నేను సరిగ్గా చదివాను. "ప్రభువు రొట్టె తీసుకుని, ఆకాశం వంక చూసి..." మిగతాది ఆవిడే అందుకుంది.

నియాజీ లేచి నిలబడ్డాడు. పుస్తకం లాక్కుని ఎక్కడో మధ్యలో తెరిచి, నాకొక పంక్తి చూపించాడు. సగం చదవగానే చెయ్యి అడ్డం పెట్టాడు. "అమ్మా, మిగతాది చెప్పండి." ఇరవై అడుగుల అవతల నిలబడి చెప్పింది. ఇంకోచోట తెరిచాడు. చెప్పింది. మూడోచోట చనిపోయినవాడు లేచొచ్చే పేజీ తెరుచుకుంది. అదీ చెప్పింది, ఇంకా చెప్పబోతే నేనే చెయ్యి ఊపి ఆపాను.

నియాజీ కళ్లద్దాలు తీశాడు. "మన భాషే," అన్నాడు. "రెండు వందల ఏళ్ల మాట, అచ్చంగా మన మాట." ఆ ఒక్క నిమిషం ఆయన కమిటీ మనిషి కాదు. తర్వాత కళ్లద్దాలు పెట్టుకున్నాడు.

"మీకిది చదవడం ఎలా వచ్చింది? శాస్త్రీయంగా పోల్చి చూసుంటారు, అవునా?"

నా వాక్యాన్నే నాకు అందించాడు. తల ఊపితే చాలు. మిమోజా వెనకనుంచి చూస్తోంది. కానీ నేను తల ఊపితే తర్వాతి ప్రశ్న ఆవిడకే: మరి నీకు కంఠతా ఎలా వచ్చిందమ్మా, ఎవరు చెప్పారు, ఏ ఆదివారాల్లో, ఇంకెవరెవరు వినేవాళ్లు? కోటువాడు అప్పటికే కాగితం తిప్పి కొత్త పేజీ పెట్టుకున్నాడు.

"మా తాత పాపా థోమా నేర్పాడు," అన్నాను. "ముప్పై ఎనిమిది అక్షరాలూ. చిక్కుడు గింజలతో. ఆవిడకేం తెలియదు. మొన్న రెండు నెలలు సిరా పరీక్ష కోసం నేనే చదివి వినిపిస్తే, విని విని నోటికొచ్చింది."

"నీ దగ్గరా?" అంది పొలిక్సేని అత్త మండిపడుతూ. "నువ్వు పుట్టకముందే నేను..."

పరుగులాంటి నడకతో వెళ్లి ఆవిడ కాలు తొక్కాను. గట్టిగా తొక్కాను. ఆవిడ నా మొహంలోకి చూసి, "అవును," అంది. "ముసలిదాన్ని. ఈ మధ్యే నేర్చుకున్నాను."

జూన్ 15

ఎండ.

జూన్ 22

మ్యూజియం గోడ మీద నా పేరుతో విమర్శ కాగితం అంటించారు. ఎర్ర సిరా. "ఒక్క అక్షరం కూడా నేర్చుకోలేదని రాసిచ్చి ముప్పై ఎనిమిది దాచిన కోచో!" లెక్క సరిగ్గానే ఉంది. చేతిరాత రెఫాత్‌ది.

జూన్ 27

వీధి కౌన్సిల్. మిమోజాకు చదువుకునే హక్కు రాలేదు. సహకార క్షేత్రంలో పొగాకు ఆకులు దారానికి గుచ్చే పని వచ్చింది. నాకు ఇటుకల బట్టీ.

విమర్శ కాగితం పడ్డప్పట్నుంచీ ఒలింబి నాతో మాట్లాడటం లేదు. మిమోజా వేరుగా పెట్టుకున్న పుస్తకాలన్నీ తీసి మళ్లీ అలమరాలో సర్దింది. ఏడవలేదు. ఏడ్చుంటే బాగుండేది. నేను తప్పు చేశానని ఒక పూట, చెయ్యలేదని ఒక పూట అనిపిస్తోంది.

ఆగస్టు 19

పేపర్లో పడింది. పుస్తకం టిరానాలో అద్దాల పెట్టెలో ఉంది. "ప్రజలు వెలికితీసిన ఈ ప్రతిని నిపుణుల బృందం చదివింది" అని కింద చీటీ. చీటీలు రాయడం నాకు తెలుసు కాబట్టి కోపం రాలేదు.

పొలిక్సేని అత్త ఇప్పుడు నిండుగా ఉన్న తొట్టి పిండితో పొరల రొట్టె, బ్యురెక్, చేసి పంపింది. "కాలు ఇంకా నొప్పిగానే ఉందని చెప్పండి" అని కబురు.

సెప్టెంబరు 30

టిరానా నుంచి ఉత్తరం. సంతకం లేదు. నిపుణుల బృందం మొదటి రెండు పేజీల తర్వాత ముందుకు వెళ్లలేకపోతోందట. అక్షరాల పట్టిక రాసి పంపితే మంచిదట. నా పేరు ఎక్కడా రాదట, అది నా మేలుకేనట.

బట్టీ నుంచి వచ్చి, చేతులు కడుక్కుని, జవాబు రాశాను: "పాపా థోమా దగ్గర నేను ఒక్క అక్షరం కూడా నేర్చుకోలేదని నా ఫైల్లో ఉంది. ఫైలుకు విరుద్ధంగా ప్రవర్తించలేను. నా చిరునామా, పేరు పైన ఉన్నాయి."

ఒలింబి అది చదివింది. మూడు నెలల తర్వాత మొదటిసారి నవ్వింది. తర్వాత స్టాంపు కోసం వెతికింది.

అక్టోబరు 6, ఆదివారం

పొద్దున పది. మిమోజా వంటింటి బల్ల తుడిచి, చిక్కుడు గింజల సంచి కుమ్మరించింది. సంచిలోంచి ఈ నోటుపుస్తకం కూడా పడింది. అది చూసి ఊరుకుంది, నేనూ ఊరుకున్నాను.

"మొదటిది పెట్టు నాన్నా," అంది.

పెట్టాను. చెరిపేసి తను పెట్టింది. రెండోది. మూడోది. వేళ్లకు పొగాకు జిగురు, గింజలు అంటుకుంటున్నాయి. ఒలింబి కుండ పట్టుకుని నెత్తిన నిలబడింది: "అవి మధ్యాహ్నానికి వండాలి. త్వరగా చదవండి."

ఏడో అక్షరం దగ్గర మిమోజా ఆగింది. "ఈ అక్షరాల్లో మీ తాత దగ్గర అదొక్క పుస్తకమేనా?"

"పదకొండు ఉండేవి."

"మిగతా పది ఏమయ్యాయి?"

జాబితా రాశాను అందామనుకున్నాను. రెండు బస్తాలకు మూతి కట్టాను అందామనుకున్నాను. "పదీ నేనే బస్తాలో వేశాను," అన్నాను. "ఏవేమిటో తెలిసే వేశాను. నేనే మోసుకెళ్లి కాగితం మిల్లు లారీలో ఎక్కించాను. ఒకదాని అట్ట లోపల నా పేరు రాసుంది, తాత చేత్తో."

ఒలింబి కుండ కింద పెట్టేసింది. మిమోజా నావైపు చాలాసేపు చూసింది. ఆ చూపు నాకు రావాల్సిందే, తీసుకున్నాను.

తర్వాత తను ఏడో అక్షరాన్ని చేత్తో చెరిపి, గింజలన్నీ నా ముందుకు తోసింది.

"ఎనిమిదోది పెట్టు," అంది.